పైకప్పు కింద మంట

సన్యాసమ్మ గాజుకు తగిలించుకున్న పిన్నీసు తీసి గ్యాసు పొయ్యి బర్నరు కన్నాలు ఒక్కొక్కటే పొడుస్తోంది. నిన్న పాలు పొంగి సగం కన్నాలు పూడుకుపోయాయి. మంట ఒక పక్క నీలంగా వస్తోంది, ఒక పక్క పచ్చగా లేస్తోంది. పచ్చ మంట గిన్నెకి మసి పూస్తుంది తప్ప నీళ్ళు కాచదు. పక్క గదిలో పదకొండు రోజుల మనవరాలు ఉంది. దానికి స్నానం వేళవుతోంది.

మబ్బుగెడ్డ అతిథి గృహం వెనక ఒక గది, ఒక వంటగది ఉన్న ఇల్లది. అతిథి గృహం కొండ ప్రాంత విహార మండలిది. సన్యాసమ్మ అందులో వంటమనిషి, ఆమె మొగుడు పైడయ్య కాపలాదారు. అతిథి గృహానికి అసలు వంటగది అంటూ ఒకటి ఉండేది. ఫైళ్ళకు చెమ్మ తగులుతోందని రెండేళ్ళ కిందట దాన్ని ఫైళ్ళ గది చేశారు. అప్పటి నుంచి కొండెక్కి వచ్చిన వాళ్ళందరికీ ఉప్మా అయినా కోడికూర అయినా ఈ ఇంటి పొయ్యి మీద కావలసిందే. సన్యాసమ్మ దానికేమీ అనుకోలేదు. పుష్యమాసంలో పొయ్యి పొద్దస్తమానం వెలుగుతూ ఉంటే నడిమి గోడ వెచ్చగా ఉంటుంది. పురిటికి వచ్చిన కూతురు ఈశ్వరికి ఆ గోడ పక్కనే మంచం వేసింది.

పైడయ్య వచ్చి గుమ్మంలో చతికిలబడ్డాడు.

"ఏటే, విన్నావా? ఇయ్యాల్నించి నెగడెయ్యొద్దన్నారు నన్ను."

"ఏం, పుల్లలు పచ్చిగున్నాయా?"

"పుల్లల మాటే లేదు. గ్యాసు నెగడొచ్చినాది. పొగుండదంట, బూడిదుండదంట. పాకలో ఎడతారంట."

సన్యాసమ్మ చేతిలో పిన్నీసు ఆగింది. "పాకలోనా? కప్పు కిందా?"

"కప్పు కిందే. మేనేజరు బాబు మూడుసార్లు సెప్పినాడు, కప్పు కిందే అని."

ప్రతి ఏడూ చలికాలంలో పైడయ్య అతిథి గృహం ముందు ఖాళీ జాగాలో ఎండుపుల్లలు పేర్చి నెగడు వేసేవాడు. వచ్చినవాళ్ళు చుట్టూ కూర్చుని చేతులు కాచుకునేవారు. పైన ఆకాశం ఉండేది. ఇందులో భద్రత గురించి ఆలోచించవలసినది ఏదీ లేకపోవడం వల్ల మండలిలో భద్రతా విభాగానికి చాలాకాలం పని లేకుండా పోయింది. అలాంటి రోజుల్లో మండలి అధ్యక్షులు ఏదో దేశం చూసి వచ్చారు. అక్కడ పెద్ద పెద్ద వాళ్ళు ఒక పందిరి కింద గ్యాసు మంట చుట్టూ కాళ్ళు బారజాపుకుని కూర్చోవడం ఆయన చూశారు. ఫొటో కూడా తీసుకున్నారు. ఆ ఫొటోలో మంట ఉంది, మంట పైన కప్పు ఉంది. కాబట్టి మంజూరు ఉత్తర్వులో 'పైకప్పు సహిత వాయు జ్వాలా కుండం' అని రాశారు.

పాకంటే ఎనిమిది స్తంభాల గుండ్రటి పాక. తాటాకులా కనిపించాలని ప్లాస్టిక్కు ఆకులు కప్పారు. అందం కోసం చూరు చుట్టూ కుచ్చులు వేలాడదీశారు. గాలి కొట్టకుండా మూడు వైపులా అద్దాలు బిగించారు. గ్యాసు బండ కంటికి కనిపిస్తే బాగుండదని, జనం కూర్చునే చెక్క బల్ల కింద పెట్టెలో దాచారు. అంతా అయ్యాక కుండం అడుగున ఒక చిన్న పుస్తకం దొరికింది.

పుస్తకం ఇంగ్లీషులో ఉంది. మేనేజరు కూర్మారావు కళ్ళద్దాలు తుడుచుకుని, తెలుగు చేసి గట్టిగా చదివాడు. మంటకీ కప్పుకీ మధ్య ఎనిమిది అడుగులు ఎడం ఉండాలి. మూడు పక్కలా గోడలు ఉండకూడదు. అంటుకునే వస్తువులేవీ దగ్గర వేలాడకూడదు. బండ మంటకు దూరంగా ఉండాలి. మంట దగ్గర మనిషి ఎప్పుడూ ఉండాలి, ఆ మనిషి లేచి వెళ్ళేటప్పుడు మంట ఆర్పి వెళ్ళాలి.

చదువుతున్న కొద్దీ ఆయన గొంతు చిన్నదైపోయింది. కాఫీ ఇవ్వడానికి వచ్చిన సన్యాసమ్మ అంతా విన్నది. ఇరవై ఏళ్ళు పొయ్యి ముందు కూర్చున్న మనిషి గనక ఆ ఐదు మాటల్లో ఒక్కటీ ఆమెకు వింతగా తోచలేదు.

"మంచి మాటలే రాసినారు మేనేజరు బాబూ. ఆ కుండమేదో తెచ్చి పైడయ్య నెగడేసిన కాడ ఎట్టీయండి. ఆకాశానికి అంటుకుంటాదని బయం లేదు."

కూర్మారావు ఆ మాటకు సంతోషించబోయాడు గానీ, పక్కన భద్రతా విభాగం ఉపసంచాలకులు త్రివిక్రమరావు గారు ఉన్నారు. ఆయన కాఫీ కప్పు కింద పెట్టారు.

"చూడమ్మా. సదరు కుండం పైకప్పు సహితంగా మంజూరైంది. దాన్ని పైకప్పు రహితంగా స్థాపిస్తే అది కుండం అవుతుంది గానీ మంజూరైన కుండం అవదు. మంజూరు కాని కుండంలో మంట పెట్టడం కంటే ప్రమాదకరమైన పని మరొకటి లేదు."

పుస్తకంలోని నియమాల్లో నాలుగింటిని పాక ఉల్లంఘిస్తున్న మాట త్రివిక్రమరావు గారు కొట్టిపారేయలేదు. పరిశీలనార్థం ఒకసారి వెలిగించి చూద్దామన్నారు.

ఆదివారం పొద్దున వెలిగించారు. మంట మోకాలెత్తు లేచింది. అందరూ ఆహా అన్నారు. కూర్మారావు చేతులు కాచుకుని ఎవరికి చెప్పాలో తెలియక పైడయ్యకే చెప్పాడు, వెచ్చగా ఉందని. పదిహేను నిమిషాలకు చూరు కుచ్చులు గోధుమరంగుకు తిరిగాయి. ఆపైన ప్లాస్టిక్కు తాటాకు ఒకటి మెత్తబడి, కిందికి సాగి, త్రివిక్రమరావు గారి శాలువా మీద చుక్కగా పడింది. శాలువాకు రూపాయి బిళ్ళంత కన్నం పడింది. బల్ల మీద కూర్చున్న గుమస్తా ఒకాయన, తాను కూర్చున్నది గ్యాసు బండ మీదని గుర్తొచ్చి, లేచి గేటు దాకా వెళ్ళిపోయాడు. పైడయ్య మంట ఆర్పేశాడు.

"ఇది ప్రమాదం కాదు," అన్నారు త్రివిక్రమరావు గారు శాలువా మడిచి కన్నం లోపలికి పెట్టుకుంటూ. "పరిశీలన ఫలించింది."

ఆ ఫలితాన్ని చర్చించడానికి జ్వాలా భద్రతా ఉపసంఘం ఏర్పడింది. ఉపసంఘం రెండు రోజులు భోజనాల గదిలో కూర్చుంది. సన్యాసమ్మ ఆ రెండు రోజులూ పెసరట్లు వేసి మోస్తూనే ఉంది. మొదటి రోజు సభ్యులు పాకను మార్చాలా వద్దా అని చర్చించారు. పాక ఫొటో అప్పటికే మండలి కరపత్రంలో అచ్చయింది. పాకను మారిస్తే కరపత్రం అబద్ధమవుతుంది. అచ్చులో అబద్ధం ఉండటం మండలికి గౌరవం కాదు. కనుక పాకను మార్చకూడదని ఏకగ్రీవంగా తేల్చారు. రెండో రోజు నియమాల సంగతి ఏం చెయ్యాలని చర్చించారు. అప్పుడు త్రివిక్రమరావు గారే దారి చూపించారు.

"కుండం ఇంకా ప్రారంభం కాలేదు. ప్రారంభం కాని కుండంలో మంట లేదు. మంటే లేనప్పుడు నియమం దేనికి? అయితే నియమాలు వచ్చాయి. వచ్చిన నియమాలను అమలు చెయ్యకపోతే అది నిర్లక్ష్యం. కాబట్టి ఇప్పటికే మండుతున్న వాటి మీద అమలు చేద్దాం."

అందరూ ఆయన వైపు గౌరవంగా చూశారు. ఇందుమూలంగా తెలియజేయునదేమనగా అని ఒక ఉత్తర్వు తయారైంది: ఆవరణలో పైకప్పు కింద గ్యాసుతో మండు జ్వాలలన్నియు వారం రోజుల్లో ఐదు నియమములకు లోబడవలెను. కింద ఒక పట్టిక. జ్వాలల సంఖ్య రాయవలసిన గడిలో కూర్మారావు చాలాసేపు కలం పట్టుకుని కూర్చుని, చివరికి ఒకటి అని రాశాడు.

మర్నాడు టేపు పట్టుకుని నలుగురు సన్యాసమ్మ వంటగదిలోకి వచ్చారు. చెప్పులు విప్పలేదు. పొయ్యి మీద బాలింత కోసం మిరియాల చారు కాగుతోంది.

"పొయ్యి మీద నుంచి పెంకు దాకా ఐదడుగులు," అన్నాడు కొలిచినవాడు.

"రాసుకో. ఒకటో నియమం ఉల్లంఘన," అన్నారు త్రివిక్రమరావు గారు.

"నాలుగు వైపులా గోడలు."

"రాసుకో. ఆ వేలాడుతున్నదేమిటి?"

"మసిగుడ్డ బాబూ," అంది సన్యాసమ్మ. "గిన్నె దించడానికి."

"రాసుకో, వేలాడు వస్తువు. బండ ఎక్కడ? గట్టు కిందా? రాసుకో. అమ్మా, నువ్వు ఉప్పు కోసం అవతలికి వెళ్ళినప్పుడు మంట దగ్గర ఎవరుంటారు?"

"ఉప్పు ఇక్కడే ఉంటాది బాబూ. సెయ్యి సాపితే అందుద్ది."

త్రివిక్రమరావు గారు ఉప్పు డబ్బా వైపు చూశారు. ఒక నియమం తప్పిపోతోందని ఆయనకు కొంచెం బాధ కలిగింది. అయినా నాలుగు ఉల్లంఘనలు తక్కువేం కాదు. "ఎన్నాళ్ళుగా మండుతోంది ఈ జ్వాల?"

"ఇరవయ్యేళ్ళు."

"ఇరవై ఏళ్ళు, రోజుకు మూడు పూటలు," అని ఆయన మిగతా వాళ్ళ వైపు తిరిగారు. "ఇలాంటి జ్వాల ఒకటి మన ఆవరణలో ఉందని మనకు తెలియనే తెలియదు. ఆ కుండం రాకపోతే ఎప్పటికీ తెలిసేది కాదు."

పరిష్కారాలు వెంటనే చెప్పారు. మూడు గోడలు తీసెయ్యాలి. కప్పును గుంజల మీద నిలపాలి. బండను వాకిట్లోకి జరపాలి. కప్పు ఎత్తించాలంటే కట్టడాల విభాగం అనుమతి కావాలి, అది రావడానికి రెండేళ్ళు పడుతుంది. నేల తవ్వడానికి మాత్రం ఎవరి అనుమతీ అక్కర్లేదు. కనుక గట్టు తీసేసి, నేల తవ్వి, పొయ్యిని గుంటలో పెట్టాలి.

సన్యాసమ్మ కొంగు నడుముకు దోపుకుంది. ఆమె ఎక్కువ మాట్లాడే మనిషి కాదు. "బాబూ, ఇంట్లో బాలింత ఉన్నాది. పసిగుడ్డుంది. ఇంకో పదిహేను రోజులాగండి. నెల నిండితే మా అల్లుడొచ్చి తీసుకెల్లిపోతాడు. ఆనక మీ ఇష్టం."

"అమ్మా, శిశువు ఉన్నది కాబట్టే తొందర. శిశువు భద్రత ముఖ్యమా కాదా?"

"మూడు గోడలే కదా తీస్తారు. ఒకటుంచుతారు కదా. అయితే ఈ నడిమి గోడుంచండి."

త్రివిక్రమరావు గారు పుస్తకం తెప్పించి బొమ్మ చూశారు. బొమ్మలో మిగిలిన గోడ కుడిచేతి వైపు ఉంది. నడిమి గోడ ఎడమచేతి వైపు ఉంది.

"అటు తిరిగి నిలబడితే ఇది కుడే కదా బాబూ," అంది సన్యాసమ్మ.

"నియమాలను గుమ్మంలోంచే చూడాలమ్మా. ఎవరికి కావలసిన వైపు వాళ్ళు తిరిగి చూస్తే అది నియమం ఎలా అవుతుంది?"

ఆ సాయంత్రం పైడయ్య బీడీ వెలిగించబోయి, తలెత్తి కప్పు చూసి, బయటికి వెళ్ళి వెలిగించుకుని వచ్చాడు.

"దిగువూరు పోదామా? మా అప్ప ఇంట్లో మట్టిగోడలు, కట్టెల పొయ్యి. ఈశ్వరికీ పిల్లకీ అక్కడైతే..."

"కొలువొదిలీసి పోతే మళ్ళీ రానిస్తారా మావా? నీదీ పోద్ది, నాదీ పోద్ది. ఇల్లూ పోద్ది. మళ్ళీ ఎవడిస్తాడు మనకి?"

"మరి గోడలు పడగొడతారంట కదా."

"ఆ కుండమేదో మొదలైపోతే ఆళ్ళ దోవన ఆళ్ళు పోతారు. దుప్పటి కట్టుకుని పది రోజులు ఓర్సుకుందాం." అలా అని, "గోడ పడిపోయాక దుప్పటే గోడ," అంది తనలో తను.

గుంట తవ్వడానికి వచ్చిన మేస్త్రీ దగ్గర ఒకే ఒక్క నక్షా ఉంది. అది జ్వాలా కుండానిది. వంటగదికి వేరే నక్షా ఎవరూ ఇవ్వలేదు. చేతిలో ఉన్న నక్షా ప్రకారం పని చెయ్యడం మేస్త్రీకి అలవాటు. కనుక అతడు గుంటను గుండ్రంగా తవ్వాడు. చుట్టూ రాళ్ళు పేర్చి కూర్చునేందుకు వీలుగా గట్టు కట్టాడు. గట్టుకు సున్నం కూడా వేశాడు. గుంట నడుమ సన్యాసమ్మ రెండు బర్నర్ల పొయ్యి పెట్టి, ఇంకేమైనా ఉందా అని నక్షా మళ్ళీ చూసుకుని, వెళ్ళిపోయాడు.

సన్యాసమ్మ గట్టు మీద గొంతుక్కూర్చుని, గుంటలోకి వంగి, గరిటె తిప్పడం నేర్చుకుంది. కొండగాలి మూడు వైపుల నుంచీ వచ్చి మంటను అటూ ఇటూ తోసేది. అరగంటలో ఉడికే పప్పు గంటన్నర పట్టేది. నడిమి గోడ పడిన చోట రెండు దుప్పట్లు కలిపి కుట్టి కట్టింది. ఆ వెనక ఈశ్వరి చెవులకు గుడ్డ బిగించుకుని, బిడ్డను పొట్టకు అదుముకుని, రాత్రీ పగలూ ఒకే పక్కకు తిరిగి పడుకునేది. నాలుగో రోజుకు బిడ్డ తుమ్మడం మొదలుపెట్టింది. కూర్మారావు ఒకసారి వచ్చి చూసి, తల దించుకుని, తన ఇంటి నుంచి ఒక రగ్గు తెచ్చి ఇచ్చి వెళ్ళాడు. ఆ రగ్గు సంగతి ఎక్కడా రాయలేదు. అతను ఆ నెలలో చేసిన పనుల్లో కాగితం లేని పని అదొక్కటే.

దుప్పటి కాసేపు విప్పించి తనిఖీ చేశారు. ఐదు నియమాలూ నెరవేరినట్టు ధ్రువపత్రం వచ్చింది. దానికి అద్దం కట్టించి, మిగిలిన కుడిచేతి గోడకు మేకు కొట్టి తగిలించారు.

ప్రారంభోత్సవం రోజు పొద్దున్నే మండలి అధ్యక్షులు వచ్చారు. పాకకు రిబ్బను కట్టారు. ఆయన కత్తెర పుచ్చుకుని తలెత్తి చూశారు. నెత్తి మీద కరిగి గట్టిపడిన తాటాకు ఒకటి చిలక ముక్కులా వేలాడుతోంది.

"ఇదేమిటి?"

"పరిశీలన, సార్," అన్నారు త్రివిక్రమరావు గారు.

"దీని కింద నేను కూర్చోవాలా?"

అధ్యక్షులు కత్తెరను తిరిగి పళ్ళెంలో పెట్టేశారు. "ఇంత హడావిడి చేశారు. పైకప్పు సహిత కుండం భద్రంగా ఉన్నదని ధ్రువపత్రం వచ్చిందని నాకు రాశారు కదా. ఆ ధ్రువపత్రం దేనికి వచ్చింది?"

త్రివిక్రమరావు గారి ముఖం ఒక్క నిమిషం తెల్లబడింది. తరవాత వెలిగింది. అంత సేవ చేసిన మనిషికి అలాంటి వెలుగు జీవితంలో ఒకసారే వస్తుంది.

"దయచేయండి సార్. ఇటు వెనక వైపు."

సన్యాసమ్మ గట్టు మీద కూర్చుని ఉంది. గుంటలో పొయ్యి మీద బిడ్డ స్నానానికి నీళ్ళ గిన్నె ఉంది. ఇరవైమంది ఇంట్లోకి నడిచి వచ్చారు. ఇంట్లోకి అనడానికి అక్కడ బయటా లోపలా తేడా లేదు. ఎవరో పాక దగ్గరి రిబ్బను విప్పుకొచ్చి, వెనక గుమ్మం ఉండిన చోట రెండు గుంజలకు కట్టారు. అధ్యక్షులు దాన్ని కత్తిరించారు. చప్పట్లు మోగాయి. దుప్పటి అవతల బిడ్డ ఉలిక్కిపడి ఏడిచింది.

అధ్యక్షులు సున్నం వేసిన గట్టు మీద కూర్చుని చేతులు చాపారు. అందరూ కూర్చుని చేతులు చాపారు. చోటు చాలక సన్యాసమ్మ లేచి నిలబడింది.

"భేష్. గుండ్రంగా ఉంది, తెరిచి ఉంది, పైన కప్పు ఉంది. అచ్చం నేను అక్కడ చూసినట్టే ఉంది. దీన్నే కరపత్రంలో వెయ్యండి. ఆ గిన్నె మాత్రం తీయించండి, ఫొటోకి అడ్డం."

గిన్నె తీశారు. నీళ్ళు ఇంకా గోరువెచ్చన కూడా కాలేదు.

"ఈ వేలాడుతున్నదేమిటి?"

"అంటుకునే వస్తువు సార్. మూడో నియమం," అని త్రివిక్రమరావు గారు కూర్మారావు వైపు చూశారు. "తనిఖీలో ఇది లేదు. తీయించండి."

కూర్మారావు కదల్లేదు. గుమస్తా ఒకాయన వెళ్ళి దుప్పటి లాగేశాడు. చెవులకు గుడ్డ కట్టుకున్న ఈశ్వరి మంచం మీద లేచి కూర్చుని ఉంది. ఒళ్ళో పసిగుడ్డు. ఇరవైమంది చూశారు. గాలి గది చివరిదాకా వెళ్ళి వచ్చింది.

"బాగుంది," అన్నారు అధ్యక్షులు. "కొండజనం జీవితం కూడా కనిపిస్తోంది. మళ్ళీ కప్పెయ్యకండి, ఇలాగే ఉంచండి. రేపటి నుంచి యాత్రికులను సాయంత్రం పూట ఇక్కడే కూర్చోబెట్టండి. ఈవిడెవరు? ఈవిడను ఇక్కడ జ్వాలా సంరక్షకురాలిగా నియమించండి. ఏమ్మా, మంట వెలుగుతున్నంతసేపూ నువ్వు ఇక్కడి నుంచి కదలకూడదు. తెలిసిందా?"

సన్యాసమ్మ గోడకు తగిలించిన ధ్రువపత్రం వైపు చూసింది. చదవడం ఆమెకు రాదు గానీ, ఐదో నియమం చెవిన పడిన రోజు నుంచీ గుర్తుంది. మంట దగ్గర మనిషి ఉండాలి. మనిషి లేచి వెళ్ళేటప్పుడు మంట ఆర్పి వెళ్ళాలి.

ఆమె వాకిట్లోకి నడిచి బండ ముందు కూర్చుంది. మీట తిప్పింది. రెగ్యులేటరు ఊడదీసి, కొంగు చివర మూటకట్టి, నడుముకు దోపుకుంది. గుంటలో మంట ఒకసారి కుదించుకుని, నీలంగా ఒణికి, పోయింది. కూర్చున్నవాళ్ళు ఎవరూ అది గమనించలేదు. ఫొటో తీసేవాడు నవ్వమన్నాడు. అందరూ చల్లని పొయ్యి మీదికి చేతులు చాపి నవ్వారు.

పైడయ్య అప్పటికే దిగువూరు పోవడానికి ట్రంకుపెట్టె భుజానికెత్తాడు. ఈశ్వరి రగ్గు కప్పుకుని లేచింది. సన్యాసమ్మ బిడ్డను అందుకుని కొంగు కింద దాచుకుంది. గాజుకున్న పిన్నీసు తీసి, గాలికి జారకుండా కొంగును రవికెకు గుచ్చింది. మూడు గోడలు లేని ఇంటికి ఎటు చూసినా దారే. అయినా ఆమె ఎటుపడితే అటు పోలేదు. తెగిన రిబ్బను పక్కకు తప్పించి, గుమ్మం ఉండిన చోటు నుంచే బయటికి దిగింది.